సముద్రపు నాచు - చెఱువు మన్ను

హిందూపురపు బజారులోని ఎరువుల అంగళ్లకు పోయి చూచువారికి ఇపుడొక సరకు తప్పక కంటబడును. యూరియా మూటల ప్రక్కను, పురుగుమందు డబ్బాల నడుమను నల్లని ద్రవము నింపిన సీసాలు బారులు తీరియుండును. అది సముద్రపు నాచునుండి తీసిన సారమట. కొలత ప్రకారము నీటిలో కలిపి మల్బరి తోటపైనను, వేరుసెనగపైనను, టమాటపైనను చల్లినయెడల పైరు ఏపుగ ఎదుగునట. ధర్మవరమునను పెనుకొండయందును ఇదే వ్యాపారము సాగుచున్నది. సముద్రమును కంటితో చూచియెఱుగని రైతు సముద్రపు నాచును సీసాతో కొని యింటికి తెచ్చుకొనుచున్నాడు. కాలమహిమ యని నవ్వి యూరకుండవచ్చును. కాని యీ సీసా వెనుక ఒక దేశపు కథ యున్నది. ఆ కథలో మన చెఱువులకు సంబంధించిన సంగతి యొకటి యున్నది. దానిని మా పాఠకులకు నివేదింపదలచితిమి.

మొదట సీసా సంగతి. మన దేశమున దీనికి వలయు నాచును ముఖ్యముగ తమిళదేశపు రామనాథపురము జిల్లా తీరమున, మండపము ప్రాంతమున పెంచుచున్నారు. అచ్చటి మత్స్యకార స్త్రీలు వెదురు తెప్పలకు నాచు ముక్కలు కట్టి నీటిలో విడిచి, ఇంచుమించు 45 దినములకు ఒక కోత కోయుదురు. ఆ నాచు సాగును, రసము తీయు పద్ధతిని భావనగరమునందలి కేంద్రీయ లవణ, సముద్ర రసాయన పరిశోధనాలయమువారు వృద్ధి చేసిరి. 2021 ఫిబ్రవరిలో కేంద్ర ప్రభుత్వమువారు ఎరువుల నియంత్రణ ఉత్తరువును సవరించి, ఇట్టి సారములను 'జీవప్రేరకములు' అను తరగతిలో చేర్చిరి. ఈ మాటను రైతులు గమనింపవలెను. ప్రేరకమనగా పైరునకు ఆహారము కాదు. ఉన్న ఆహారమును చక్కగ గ్రహించునట్లు పైరును పురికొల్పునది మాత్రమే. పురికొల్పుట మంచిదే. మన పూర్వులకును ద్రవపుటెరువులు తెలియనివి కావు. సురపాలుని వృక్షాయుర్వేదమున కుణపజలము చెప్పబడినది. అయితే భూమిలో సత్తువయే లేనినాడు ప్రేరకము దేనిని ప్రేరేపించును?

ఇక నాచును తరతరములుగ వాడిన దేశము మాట. స్కాట్లండు పడమటనున్న హెబ్రిడీసు ద్వీపములయందును, ఐర్లండు పడమటి తీరమునందును గేలిక్ భాష మాటాడు జనులు వసింతురు. అది ఱాతినేల, తడినేల, పులిసిన నల్లనేల. పంట పండుటకు ఏ విధమునను అనుకూలము కానిది. శీతకాలపు తుపానులు వెడలిన పిమ్మట అలలు నాచును కుప్పలు కుప్పలుగ ఒడ్డునకు చేర్చును. ఆడవారును మగవారును ఆ నాచును గంపలకెత్తి, నీరు కారుచుండగనే వీపున మోసికొని పొలములకు చేర్చెడివారు. నేలమీద నాచును పఱచి, ఇరుప్రక్కల నేలను పెళ్లగించి దానిపై బోర్లించి, మధ్యను కాలువలు విడిచి, ఎత్తుమడులు కట్టి, ఆ మడులలో ఉర్లగడ్డలును బార్లీయు పండించిరి. ఈ మడులకు ఇంగ్లీషువారు 'సోమరిమడులు' అని పేరు పెట్టిరి. ఆ మడిలో ఒక్కనాడు పనిచేసిన వాడెవ్వడును ఆ పేరు పెట్టియుండడు.

ఐర్లండు కడనున్న అరాన్ ద్వీపముల కథ మఱింత వింతయైనది. అవి వట్టి సున్నపుఱాయి పలకలు. అచ్చటి జనులు ఱాతి పగుళ్లను చిన్నఱాళ్లతో పూడ్చి, ఇసుకను నాచును పొరపొరగ పఱచి, పొలమును తామే తయారుచేసికొనిరి. మన్ను లేని చోట మన్నును పుట్టించిరన్నమాట. నాచులో పొటాషు మెండు. అందలి జిగురు ఇసుకను పట్టి యుంచును. కలుపువిత్తనములు దానిలో నుండవు. భాస్వరము మాత్రము కొఱత. ఇవన్నియు రసాయనశాస్త్రము పుట్టకముందే వారికి అనుభవమున తెలిసెను. ఒక విధమగు నాచును వారు తిందురు. వేఱొక విధమును పాలలో కాచి, జున్నువలె గడ్డకట్టించి రోగులకు పెట్టుదురు. ఆ వంటల ప్రసంగము మనకిపుడు అప్రస్తుతము.

ప్రస్తుతమైనది కెల్పు వ్యాపారము. నాచును ఎండబెట్టి, ఱాళ్లు పేర్చిన ఆవములలో కాల్చినచో గట్టి బూడిద మిగులును. ఆ బూడిదకు కెల్పు అని పేరు. గాజునకును సబ్బునకును వలయు క్షారము దానియందున్నది. 18వ శతాబ్దపు ఉత్తరార్ధమున ఈ పని హెబ్రిడీసున బాగుగ అల్లుకొనెను. నెపోలియను యుద్ధములలో స్పెయిను దేశపు క్షారము ఇంగ్లండునకు రాక నిలిచిపోగా, 1810 ప్రాంతమున కెల్పు ధర టన్నునకు 20 పౌనులవఱకు ఎగబ్రాకెను. ఒక టన్ను బూడిదకు ఇంచుమించు 20 టన్నుల పచ్చినాచు కావలెను. మొలలోతు చల్లని నీటిలో నిలిచి కొడవలితో నాచు కోసినవారు కౌలుదార్లు. లాభము తీసికొన్నవారు భూస్వాములు. తీరము తమదే కావున తీరమున పెరుగు నాచును తమదేయని వారు వాదించిరి. కౌలుదారు కేవలము పొలముపైనే బ్రదుకగలిగినచో ఆవముకడకు రాడు గదా! అందుచేత అతనికి చాలీచాలని తుండునేల మాత్రమే యిచ్చిరి. అమెరికాకు వలసపోవుదునని అతడు తలంచినచో ఓడప్రయాణము ప్రియము కావలెను. 1803లో పార్లమెంటువారు ఓడప్రయాణికుల చట్టము చేసినప్పుడు దానికి ఈ భూస్వాములు అండగ నిలిచిన కారణమదియే. ప్రయాణికుల క్షేమమను పేరున ఆ చట్టము పేదవాని టిక్కెట్టు ధరను పెంచెను.

ఈ వ్యాపారములో రైతునకు కలిగిన హాని కూలి తక్కువయగుట మాత్రమే కాదు. పొలమునకు పోవలసిన నాచు ఆవమునకు పోయెను. మడికి ఎరువు తగ్గెను, జనము పెరిగెను, ఉన్న తుండునేల ముక్కలయ్యెను, ఉర్లగడ్డ యొక్కటియే దిక్కయ్యెను. అంతలో యుద్ధము ముగిసెను. స్పెయిను క్షారము మఱల వచ్చెను. సాధారణపు ఉప్పునుండి క్షారము తీయు లెబ్లాంకు పద్ధతికి ఫ్రాన్సున 1791లోనే పేటెంటు పుట్టియుండెను. అది ఇంగ్లండునందును వ్యాపించెను. 1820లలో సుంకములు తగ్గింపబడగనే కెల్పు ధర కూలిపోయెను. నీలిమందు కథ తెలిసిన మన దేశస్థులకు ఇది వినని రాగము కాదు. 1897లో జర్మనులు కృత్రిమపు నీలిని బజారునకు తెచ్చిన పిమ్మట మన నీలితొట్ల గతి యేమయ్యెనో మనమెఱుగుదుము. ధర పడిన దినమునుండి ఆ ద్వీపవాసులు భూస్వాములకు బరువైరి. 1846లో ఉర్లగడ్డకు తెగులు వచ్చి కఱవు పట్టెను. సౌత్ ఉయిస్టు ద్వీపమును 1838లో కొనిన గార్డన్ ఆఫ్ క్లూనీ అను ధనికుడు 1851లో వెయ్యిమందికి పైగా జనులను ఓడలకెక్కించి కనడాకు పంపివేసెను. ఒకప్పుడు వలసపోరాదని కట్టడిచేసిన వర్గమే తరువాత వలసపొమ్మని తఱిమెను. 1886లో చిన్నరైతుల చట్టము వచ్చి వారికి భూమిపై స్థిరమైన హక్కు దొరకువఱకు ఈ తఱుముట ఆగలేదు.

పిమ్మట నాచునకు క్రొత్త యుపయోగములు కలిగినవి. కెల్పు బూడిదనుండియే 1811లో అయొడిను కనుగొనబడెను. 1880 ప్రాంతమున స్టాన్‌ఫర్డు అను రసాయనికుడు నాచునుండి ఆల్జిను అను జిగురును వేఱుచేసెను. నేడు బట్టల అద్దకపు రంగులు చిక్కబఱచుటకును, పంటివైద్యుని అచ్చులకును, ఐస్‌క్రీమునకును అదియే ఆధారము. ఐర్లండు స్వతంత్రమైన తరువాత, 1947లో, కన్నెమారా తీరమున అరామారా అను సంస్థ స్థాపితమై ఐరిషు ప్రభుత్వము చేతికి వచ్చెను. నాచు కోయువారికి అదియొక నిలుకడయైన బేరము. 2014లో ఆ సంస్థ కనడా కంపెనీ యొకదానికి అమ్ముడయ్యెను. తాతలనాటినుండి కోయుచున్న నాచుపై తమ హక్కేమగునో యని కోతగాండ్రు కలవరపడి సభలు చేసిరి. పరప్రభుత్వము పోయి స్వప్రభుత్వము వచ్చినంతమాత్రమున ఉమ్మడి ఆస్తికి కాపు దొరకదని ఐర్లండు మనకు తెలుపుచున్నది. ఐర్లండును చూచి స్వరాజ్యపాఠములు నేర్చిన తరము మనది. ఈ పాఠమును కూడ నేర్చుకొనుట మంచిది.

మన సీమకు వత్తము. తెలుగుతీరము చాలవఱకు ఇసుకతీరము. నాచు పట్టి పెరుగుటకు ఱాయి కావలెను. విశాఖపట్టణపు ఱాళ్లమీద పెరుగు నాచులను గూర్చి ఉమామహేశ్వరరావు, శ్రీరాములు అను శాస్త్రజ్ఞులు 1964లో విపులముగ వ్రాసిరి గాని, ఆ నాచు పెనుకొండ పొలములకు వచ్చునది కాదు. మనకు సముద్రము లేదు, చెఱువు కలదు. గేలిక్ రైతునకు తుపాను నాచును ఒడ్డునకు చేర్చినట్లే, మనకు వానకాలపు వాగు మన్నును చెఱువునకు చేర్చును. కొండలమీది ఆకుకుళ్లు, గొఱ్ఱెలు మేసిన బీళ్లలోని పెంట, పైపొలములనుండి కొట్టుకొనివచ్చిన మెత్తని మన్ను, అన్నియు చెఱువు అడుగున చేరి నల్లని ఒండ్రగును. వేసవిలో చెఱువెండినపుడు రైతులు బండ్లు కట్టి ఆ ఒండ్రును తోలుకొని ఎఱ్ఱనేలలకు వేసెడివారు. చెఱువుకట్టలమీదను వంకలగట్లమీదను కానుగచెట్లుండెడివి. ఆ కానుగాకును, జిల్లేడును, వెంపలిని వరిమడిలో త్రొక్కెడివారు. గొఱ్ఱెలమందను రాత్రులు పొలమున కట్టించి, కాపరులకు ధాన్యమిచ్చెడివారు. ఈ మూడింటిలో దేనికిని సీసా అక్కఱలేదు.

ఎఱ్ఱనేల గుణము మా పాఠకులలో భూవసతిగలవారికి మేము చెప్పనక్కఱలేదు. ఏటికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన కురియు సీమ యిది. ఆ కొలది వానయు సరియైన వేళకు రాదు. గులకఱాళ్లు కలిసిన తేలికనేలలో తేమ నిలువదు. వేరుసెనగ ఊడలు దిగువేళ పదిదినములు వాన తప్పినచో పంట పోయినట్లే. చెఱువుమన్నులో బంకపాలు ఎక్కువ; అది తేమను పట్టి యుంచును. హైదరాబాదునందలి కేంద్రీయ మెట్టవ్యవసాయ పరిశోధనా సంస్థవారును, పటాన్‌చెరువునందలి ఇక్రిశాట్‌వారును దీనిని పరీక్షించి, ఒండ్రు వేసిన నేల తేమను మఱికొన్ని దినములు నిలుపుకొనునని తేల్చిరి. మన సీమలో ఒక పంటను దక్కించుటకు ఆ కొన్ని దినములే చాలును. సీసాలోని సారము ఆకును పచ్చబఱచవచ్చును. నేలకు తేమను నిలుపు శక్తినిచ్చుట దానివలన కాదు. గేలిక్ రైతు పొలమునకు వేసినదియు చెంచాలతో కొలిచిన సారము కాదు, గంపలకొలది నాచు. ఆ నాచు పేరు మాత్రము సీసామీద మిగిలినది.

చెఱువు మాట వచ్చినపుడు మన పూర్వులకు సాటి చెప్పుట కష్టము. కడప సీమలోని పోరుమామిళ్ల చెఱువును భాస్కర భవదూరుడు నిర్మించి 1369లో వేయించిన శాసనము, చెఱువునకు 12 సాధనములను 6 దోషములను ఏకరువు పెట్టినది. రెండు రాజ్యముల పొలిమేరను చెఱువుండుట దోషములలో నొకటి. (కర్ణాటకపు సరిహద్దున వసించు హిందూపురమువారు ఈ వాక్యమును చదివి నిట్టూర్చెదరు గాక!) చిత్రావతిపై బుక్కపట్టణము చెఱువును, ధర్మవరము చెఱువును విజయనగరపు కాలమునాటి కీర్తులు. ధర్మవరము చెఱువును క్రియాశక్తి ఒడయరు కట్టించి, తన తల్లి పేర ఊరు వెలయించెనని ఐతిహ్యము. కట్టించుట ఒక్కనాటి పని, కాపాడుట నిత్యకృత్యము. అందులకే దశబంధపు ఇనాములు ఏర్పడినవి. నీటిని పంచుటకు నీరుగంటి యుండెడివాడు. పూడిక తీయుట ఊరందఱి పని. తీసిన మన్ను తీసినవాని పొలమునకే పోవును. పనియు హక్కును ఒకే ముడిలో నుండెను.

ఆ ముడి విడిపోయిన విధము దీర్ఘమైనది. 1800 మొదలు 1807 వఱకు దత్తమండలములను మన్రో పాలించి రైతువారీని పాదుకొల్పెను. శిస్తు సర్కారునకు రైతొక్కడొక్కడుగ బాధ్యుడయ్యెను, ఊరు అను ఉమ్మడి కర్త వెనుకబడెను. కుడిమరామత్తును జనులు మానుచున్నారని 1858లో మద్రాసు ప్రభుత్వమువారు నిర్బంధశ్రమ చట్టము చేసిరి. నిర్బంధమువలన చెఱువులు బాగుపడలేదు. 1956లో ఇనాములు రద్దయినవి. అది న్యాయమే, కాని దశబంధపుభూమితోడి బాధ్యతను ఎవరు వహింపవలెనో నిర్ణయము కాలేదు. 1997లో నీటిసంఘముల చట్టము వచ్చినది. ఆ సంఘములకు అధికారము కాగితముపై నిచ్చి, పైకము సర్కారు చేతిలో నుంచుకొనిరి.

ఇపుడు జరుగుచున్నదేమి? పట్టణములు పెరుగుచున్నవి, ఇటుకలు కావలెను, ఇండ్లస్థలములు మెఱక చేయుటకు మన్ను కావలెను. వేసవి రాగానే చెఱువులలోనికి దిగునది రైతుబండి కాదు, త్రవ్వుయంత్రము. చెఱువులోని మెత్తని మన్ను ఇటుకల బట్టీలకును, క్రొత్త స్థలములకును తరలిపోవుచున్నది. పొలమునకు పోవలసిన నాచు ఆవమునకు పోయెనని హెబ్రిడీసును గూర్చి పైన వ్రాసితిమి. పొలమునకు పోవలసిన ఒండ్రు బట్టీకి పోవుచున్నదని హిందూపురము, పెనుకొండ, ధర్మవరములను గూర్చి ఇపుడు వ్రాయవలసివచ్చినందుకు చింతించుచున్నాము. బట్టీవారు మన్నునకు ధర యీయగలరు. రెండెకరముల మెట్టరైతు ఈయలేడు. ఆ మన్ను నిజమునకు ఎవరిది? మీది పొలమునుండి వానకు జాఱిపోయిన రైతుల మన్నే అది. తిరిగి తెచ్చుకొనుటకు వాడు పరులతో వేలమున పోటీపడవలెనా?

ఇటుకలు లేక ఇండ్లెట్లు లేచునని అడుగువారుందురు. ఆ ప్రశ్న ఉచితమైనదే. బట్టీలలో పనిచేయువారును పేదలే. మేము బట్టీలను మూయుమనుట లేదు. ఎవరికి ముందు, ఎవరికి వెనుక అనునదే మా ప్రశ్న. మఱియు చెఱువుమన్నంతయు అమృతము కాదు. కొన్ని చెఱువులలో ఇసుకయే మిక్కుటము; కొన్నింటిలో చౌడు కలదు. పరీక్షింపక తోలిన మన్ను పొలమును చెఱుపవచ్చును. ఒండ్రు పొర తీయవలసినదే గాని, దాని క్రింది గట్టినేలను త్రవ్వరాదు. కట్ట మొదట గుంతలు పెట్టినచో కట్టకే ముప్పు.

వేఱొక చిక్కును దాచుట తగదు. హంద్రీ-నీవా కాలువద్వారా శ్రీశైలము కడనుండి కృష్ణాజలము మన సీమకు వచ్చుచున్నది; పెనుకొండకడ గొల్లపల్లి జలాశయము 2016లో ప్రారంభమైనది. ఆ నీటితో చెఱువులు నిండుచున్న సంతోషమున మేమును భాగస్థులమే. అయితే ఏటిపొడవున నీరు నిలిచిన చెఱువునుండి మన్ను తీయుటెట్లు? చెఱువు ఎండుట కఱవునకు గుర్తని భయపడిన జనులము మనము. కొన్నియేండ్లకొక వేసవి చెఱువును కావలెననియే ఎండనిచ్చుట ఇపుడు అవసరమగునేమో. ఏ చెఱువును ఎపుడు ఎండనీయవలెనో, బోరుబావుల రైతులకు ఆ యేడు ఏమి ఏర్పాటు చేయవలెనో ఊరివారు కూర్చుండి నిర్ణయించుకొనవలెను. సర్కారుకచ్చేరీలో నిర్ణయించిన వంతు ఊరిలో సాగదు.

ఇక ఖర్చు. మన్ను ఉచితమైనను డీజిలు ఉచితము కాదు. తెలంగాణమున 2015లో మిషన్ కాకతీయ మొదలయినపుడు, 46 వేలకు పైగా చెఱువుల పునరుద్ధరణమును సంకల్పించి, పూడిక త్రవ్వు ఖర్చు ప్రభుత్వమును, తోలుకొను ఖర్చు రైతును భరింపవలెనని యేర్పఱచిరి. ట్రాక్టరుగలవాడు తోలుకొనెను, లేనివానికి కష్టమయ్యెను. ఆ లోపమును మనము సవరించుకొనవచ్చును. దేశమునకంతకు ఉపాధిహామీ పథకమును 2006 ఫిబ్రవరి 2వ తేదీన ప్రారంభించినది ఈ అనంతపురము సీమలోనే, నార్పల మండలపు బండ్లపల్లెలో. కూలిపని పథకములకు ఇపుడే పేరు పెట్టినను, ఎట్టి చట్టము చేసినను, చిన్నరైతు పొలమునకు ఒండ్రు చేర్చు బాడుగను ఆ పనిలో భాగముగ లెక్కింపవలెనని మేము కోరుచున్నాము.

మన మూడు పట్టణములును 2022 ఏప్రిలునుండి శ్రీ సత్యసాయి జిల్లాలో చేరియున్నవి. జిల్లా క్రొత్తది, అలవాట్లు ఇంకను గట్టిపడలేదు. కలెక్టరుగారు ఒక ఉత్తరువుతో ఈ పనికి శ్రీకారము చుట్టవచ్చును. వేసవిలో ప్రతి చెఱువు మన్నును మొదట ఆ ఆయకట్టు రైతులకును, మీది మెట్టరైతులకును రుసుము లేక విడువవలెను. గ్రామసభలో నెల దినముల ముందుగ చాటింపు వేయించి, మిగిలిన మన్ను మాత్రమే బట్టీలకు విక్రయించి, ఆ పైకమును ఆ చెఱువు తూములకును కట్టకును వ్యయింపవలెను. కట్టలమీద ఆక్రమించిన సర్కారుతుమ్మను పెఱికి కానుగ నాటవలెను. మన్ను పరీక్షించు ఏర్పాటు మండలమునకొకటియైనను వేసవికి ముందే చేయవలెను.

నాచుసారమును గూర్చి మాకు ద్వేషము లేదని మఱల చెప్పుచున్నాము. మల్బరిని ఏటికి అయిదారు కోతలు కోయుచు పట్టుగూళ్లను హిందూపురపు మార్కెటునకు చేర్చు రైతునకు దానివలన కొంత మేలుండవచ్చును. ఆ మేలెంత? ఒండ్రు వేసిన తోటలో ఎంత, వేయని తోటలో ఎంత? ఈ ప్రశ్నకు సీసామీది చీటి సమాధానము చెప్పదు. వ్యవసాయ విశ్వవిద్యాలయమువారు మన ఎఱ్ఱనేలలలోనే, మన రైతుల తోటలలోనే రెండేండ్లు పరీక్షలు జరిపి, ఫలితములను తెలుగులో అచ్చువేసి, ఎరువుల అంగళ్ల గోడలకు అంటింపవలెను. అంతవఱకు సీసాకు పెట్టు పైకములో సగమును ఈ వేసవి రెండు ట్రాక్టర్ల చెఱువుమన్నునకు పెట్టి, ఒక చెక్కలో వేసి చూడుడని, తమకు చేతనైనచో ప్రక్కపొలపు పేదరైతునకును ఒక ట్రాక్టరు తోలింపుడని, భూవసతిగల మా పాఠకులను కోరుచున్నాము.